ఫుట్‌బాల్, క్రికెట్ రెండూ ఆడుతున్న మా బిడ్డ ఒకటి వదిలేయాల్సిందేనా? ఎలీస్ పెర్రీ రెండూ ఎలా ఆడింది?

ఇందూరు నాన్న:

అందరికీ నమస్కారం. మాది నిజామాబాద్. మా బిడ్డకు 13 ఏళ్లు, ఎనిమిదో తరగతి. పొద్దున ఐదున్నరకు ఫుట్‌బాల్, సాయంత్రం స్కూల్ నుంచి రాగానే క్రికెట్. రెండింట్లోనూ బాగా ఆడుతుంది. తండ్రిని కాబట్టి మురిసిపోయి చెప్తున్న మాట కాదు. ఫుట్‌బాల్‌లో జిల్లా టీంకి ఎంపికైంది, క్రికెట్‌లో తనకంటే రెండేళ్లు పెద్ద పిల్లలకు కొత్త బంతి వేస్తుంది. మా దగ్గర ఆడపిల్ల ఫుట్‌బాల్ ఆడితే వింతగా చూసేవాళ్లు ఇప్పుడు లేరు, మన గుగులోతు సౌమ్య ఇండియా జెర్సీ వేసుకున్న దగ్గర్నుంచి పిల్లల తల్లిదండ్రులే గ్రౌండ్‌కు తీసుకొస్తున్నారు.

విషయం ఏంటంటే, పోయిన వారం క్రికెట్ కోచ్ నన్ను పక్కకు పిలిచి "రెండు పడవల మీద కాళ్లు పెడితే ఎటూ కాకుండా పోతుంది సార్, దసరాలోపు ఏదో ఒకటి తేల్చండి" అన్నాడు. ఫుట్‌బాల్ సార్‌ని అడిగితే ఆయనా అదే మాట, కాకపోతే ఆయన దృష్టిలో వదిలేయాల్సింది క్రికెట్. ఇద్దరూ మంచివాళ్లే, బిడ్డ బాగు కోరేవాళ్లే. ఇంట్లో మాత్రం ఒకటే టెన్షన్. మా ఇంటావిడ క్రికెట్‌లో డబ్బులున్నాయి అంటుంది, మా నాన్న రెండూ మానిపించి చదివించమంటాడు, బిడ్డ మాత్రం రెండు రోజుల నుంచి కంచం ముందు కూర్చుని అన్నం కెలుకుతోంది తప్ప తినడం లేదు.

దాని గదిలో ఆస్ట్రేలియా క్రికెటర్ ఎలీస్ పెర్రీ ఫొటో ఉంది, డబ్ల్యూపీఎల్ (మహిళల ఐపీఎల్ లాంటి లీగ్)లో ఆర్‌సీబీ మ్యాచ్‌లు చూసి అభిమాని అయింది. "పెర్రీ కూడా రెండూ ఆడింది కదా నాన్నా, నాకెందుకు కుదరదు" అని అడిగితే నా దగ్గర జవాబు లేదు, ఎందుకంటే నాకు పెర్రీ క్రికెటర్‌గానే తెలుసు. నిజంగా రెండూ దేశం తరఫున ఆడిందా? ఎన్నేళ్లు? ఎందుకు ఆపింది? ఇంకెవరైనా అలా ఆడినవాళ్లు ఉన్నారా? తెలిసినవాళ్లు వివరంగా చెప్పండి. బిడ్డకు చదివి వినిపిస్తాను.

థర్డ్‌మ్యాన్:

అన్నా, మీ బిడ్డ చెప్పింది అక్షరాలా నిజం. పెర్రీ కథ నాకు చాలా ఇష్టం, కొంచెం ఎక్కువే రాస్తాను, ఓపిగ్గా చదవండి.

2007 జులై 22న డార్విన్‌లో న్యూజిలాండ్ మీద మొదటి వన్డే ఆడింది. అప్పటికి వయసు 16 ఏళ్ల 8 నెలలు. మగవాళ్లలోగానీ ఆడవాళ్లలోగానీ ఆస్ట్రేలియా సీనియర్ క్రికెట్ జట్టుకి అంత చిన్న వయసులో ఆడినవాళ్లు అప్పటికి లేరు. 13 రోజులు తిరిగేసరికి, ఆగస్టు 4న, అదే పిల్ల ఫుట్‌బాల్ జెర్సీలో హాంకాంగ్ మీద ఒలింపిక్ క్వాలిఫయర్‌లో దిగింది. దిగిన రెండో నిమిషంలో గోల్. ఆమె ఆడేది డిఫెన్స్‌లో, గోల్ కొట్టడం ఆమె పని కూడా కాదు. ఇంకా స్కూల్లో చదువుతున్న పిల్ల, రెండు వారాలు గడవకముందే రెండు ఆటల్లో దేశానికి ఆడిందంటే ఇప్పటికీ నమ్మబుద్ధి కాదు.

ఆ తర్వాత ఏడాది రెండేళ్ల ముచ్చటగా అయిపోలేదు. 2009లో క్రికెట్ ప్రపంచకప్ ఆడింది, 2011లో జర్మనీలో జరిగిన ఫుట్‌బాల్ ప్రపంచకప్ ఆడింది. ఆస్ట్రేలియా తరఫున ఈ రెండు ప్రపంచకప్‌లూ ఆడిన మొదటి మనిషి ఆవిడే. జర్మనీలో క్వార్టర్ ఫైనల్ స్వీడన్ మీద. ఆస్ట్రేలియా 3-1తో ఓడిపోయింది, ఆ ఒక్క గోల్ పెర్రీది. కార్నర్ నుంచి వచ్చిన బంతిని పెనాల్టీ బాక్స్ బయటి నుంచి ఎడమ కాలితో కొడితే వంపు తిరిగి పై మూలలోకి వెళ్లి పడింది. వీడియో దొరుకుతుంది, మీ బిడ్డకు తప్పకుండా చూపించండి.

నాకు అన్నిటికంటే ఇష్టమైనది మాత్రం 2010 టీ20 ప్రపంచకప్ ఫైనల్. బార్బడోస్. ఆస్ట్రేలియా కొట్టింది 106 మాత్రమే. న్యూజిలాండ్‌కి ఆఖరి బంతికి 5 పరుగులు కావాలి, ఫోర్ వెళ్తే టై. బౌలర్ పెర్రీ, వయసు 19. బ్యాటింగ్ సోఫీ డివైన్, ఎంత బలంగా కొడుతుందో మనందరికీ తెలుసు. డివైన్ నేరుగా బౌలర్ వైపే గట్టిగా బాదింది. ఫాలోత్రూలో ఉన్న బౌలర్‌కి వంగి చెయ్యి పెట్టేంత టైం ఎక్కడుంటుంది? పెర్రీ కుడికాలు చాచింది. బంతి బూటుకి తగిలి దారి మళ్లి మిడాన్‌లో లీసా స్థలేకర్ దగ్గరికి వెళ్లింది. ఒక్క పరుగు. ఆస్ట్రేలియా 3 పరుగులతో కప్పు గెలిచింది. 18 పరుగులకు 3 వికెట్లు తీసిన పెర్రీయే ప్లేయర్ ఆఫ్ ది మ్యాచ్. ఆ కాలు చాచడం క్రికెట్ నెట్స్‌లో నేర్చుకున్నది కాదన్నా, డిఫెండర్‌గా కొన్ని వేలసార్లు షాట్‌లకు అడ్డం పెట్టిన కాలు అది. మీ కోచ్‌లిద్దరికీ చూపించాల్సింది ఈ ఒక్క బంతే.

ఇక మీరు అసలు అడిగిన ప్రశ్న, ఎందుకు ఆపింది అని. పెర్రీకి కూడా సరిగ్గా మీ కోచ్ మాటే ఎదురైంది. అప్పట్లో ఆమె కాన్‌బెర్రా యునైటెడ్ అనే క్లబ్‌కి ఫుట్‌బాల్ ఆడేది. 2012లో, సీజన్ అంతా ఫుట్‌బాల్‌కే మొదటి స్థానం ఇవ్వాలి అని అక్కడ పట్టుబట్టారు. ఆమె ఒప్పుకోలేదు. క్లబ్ వదిలేసి, రెండు ఆటలకూ సర్దుబాటు చేస్తామన్న సిడ్నీ ఎఫ్‌సీకి వెళ్లింది. ఆ సీజన్‌లోనే సిడ్నీ ఎఫ్‌సీ లీగ్ ఛాంపియన్ అయింది. అదే వేసవిలో (వాళ్లకు డిసెంబర్, జనవరి వేసవి) క్రికెట్ ప్రపంచకప్ కోసం మన దేశానికి వచ్చి, 2013 ఫిబ్రవరిలో ముంబైలో ఫైనల్ ఆడి, ఆ కప్పు కూడా పట్టుకెళ్లింది.

ఇప్పుడు రెండో వైపు కూడా చెప్పాలి, లేకపోతే బిడ్డకు సగం కథే చెప్పినట్టవుతుంది. ఆ ముంబై ఫైనల్‌కి పెర్రీ చీలమండ గాయంతో దిగింది. మొదటి బంతికి పరిగెత్తుకొచ్చి ఆగిపోయింది. మళ్లీ వెనక్కి వెళ్లి వచ్చింది, మళ్లీ ఆగిపోయింది. మూడోసారి బంతి వేసింది. కుంటుకుంటూ 10 ఓవర్లు పూర్తి చేసి 19 పరుగులిచ్చి 3 వికెట్లు తీసింది. చూసేవాళ్లకు గొప్పగా ఉంటుంది, కానీ నాకైతే ఆ రెండు ఆగిపోవడాలూ చూస్తున్నప్పుడు కడుపులో తిప్పేసింది. ఆస్ట్రేలియా ఫుట్‌బాల్ జట్టుకి ఆమె ఆఖరిసారి ఆడింది కూడా 2013లోనే, మొత్తం 18 మ్యాచ్‌లు, 3 గోల్స్. క్లబ్ ఫుట్‌బాల్ ఇంకో రెండు మూడేళ్లు సాగింది. 2015 డిసెంబర్‌లో మహిళల బిగ్‌బాష్ (ఆస్ట్రేలియా టీ20 క్రికెట్ లీగ్) మొదలైంది. సిడ్నీ సిక్సర్స్‌కి కెప్టెన్ పెర్రీ. ఫుట్‌బాల్ లీగ్, బిగ్‌బాష్ రెండూ వేసవిలోనే. అక్కడితో ఫుట్‌బాల్ మెల్లగా ఆగిపోయింది.

ఆమె ఆట తగ్గి ఆపలేదన్నా. ఆమె మొదలుపెట్టిన రోజుల్లో ఆస్ట్రేలియాలో మహిళా క్రికెటర్లు చాలామంది ఉద్యోగమో చదువో చేసుకుంటూనే ఆడేవాళ్లు. ఎవరికీ ఏడాదంతా ఆట లేదు, కాబట్టి మధ్యలో ఇంకో ఆటకు చోటుంది. 2017లో క్రికెట్ ఆస్ట్రేలియా కొత్త ఒప్పందంలో మహిళల చెల్లింపులు 75 లక్షల డాలర్ల నుంచి 5 కోట్ల 52 లక్షల డాలర్లకు పెరిగాయి. ఎంత మంచి జరిగింది! కానీ ఆ జీతంతోపాటే ఏడాది పొడవునా క్యాంపులు, టూర్లు, లీగులు వచ్చాయి. ఫుట్‌బాల్‌లోనూ అంతే. ఆడవాళ్ల ఆటలు రెండూ బాగుపడటం వల్లే రెండూ ఆడే దారి మూసుకుపోయింది. ఈ ముక్క చాలామంది గమనించరు, పెర్రీ "చివరికి తెలివిగా ఒకటి ఎంచుకుంది" అని రాసేస్తారు. ఆ ఎంపిక చేసుకునేసరికి ఆమెకు పాతికేళ్లు, అప్పటికే రెండు ఆటల్లోనూ ప్రపంచకప్‌లు ఆడేసింది. 13 ఏళ్లకు కాదు.

ఇందూరు నాన్న:

అన్నా, చదువుతుంటే ఒళ్లు పులకరించింది. బిడ్డకు ఆఖరి బంతి వీడియో చూపించాను, నాలుగుసార్లు వెనక్కి తిప్పి చూసింది. చూశాక "నేను కూడా కాలు పెడతాను కానీ సార్ తిడతాడు, చెయ్యి పెట్టమంటాడు" అంది.

ఒక్కటి అడుగుతాను. ఫుట్‌బాల్ వదిలేశాక ఆమె క్రికెట్ ఇంకా పెరిగిందా? పెరిగి ఉంటే మా క్రికెట్ కోచ్ మాటలో నిజం ఉన్నట్టే కదా.

థర్డ్‌మ్యాన్:

న్యాయమైన ప్రశ్న. పెరిగింది. ఎంత పెరిగిందంటే, కింది వరుసలో బ్యాటింగ్‌కి దిగిన ఫాస్ట్ బౌలర్ కాస్తా టాపార్డర్ బ్యాటర్ అయింది. 2017 నవంబర్‌లో సిడ్నీలో ఇంగ్లండ్ మీద యాషెస్ టెస్టులో 213 నాటౌట్. ఆ ఇన్నింగ్స్‌లో ఒక ముచ్చట ఉంది. 200 దగ్గర పడ్డాక ఒక షాట్ కొట్టి, సిక్సర్ అనుకుని హెల్మెట్ తీసి రెండు చేతులూ ఎత్తేసింది. తీరా చూస్తే బంతి తాడు ముందు పడింది, ఫోర్ మాత్రమే. మళ్లీ హెల్మెట్ పెట్టుకుని, కాసేపటికే ఇంకో షాట్ కొట్టి 200 దాటింది. 2019లో ఇంగ్లండ్ మీద వన్డేలో 22 పరుగులకు 7 వికెట్లు. ఆర్‌సీబీలో మీ బిడ్డ చూసినవి ఉండనే ఉన్నాయి, 2024లో ముంబై మీద 15 పరుగులకు 6 వికెట్లు, ఆ సీజన్‌లో 347 పరుగులతో ఆరెంజ్ క్యాప్, పైగా కప్పు. అదే సీజన్‌లో బెంగళూరులో సిక్సర్ కొట్టి ప్రదర్శనకు పెట్టిన కారు అద్దం పగలగొట్టింది, ఆ ముక్కలనే ఫ్రేం కట్టించి ఆమెకు బహుమతి ఇచ్చారు. అప్పుడు ఓపెనింగ్‌కి వచ్చిన మన సబ్బినేని మేఘన కూడా ఆ టీంలోనే ఆడింది.

కాబట్టి అవును, ఒకే ఆట మీద కూర్చున్నాక ఆమె ఇంకా పైకి వెళ్లింది. కానీ ఆ పైకి వెళ్లిన శరీరాన్ని, ఆ కాళ్లను, ఆ దమ్మును తయారుచేసింది రెండు ఆటలు. ఏది దేనివల్ల అని విడదీసి చెప్పడం ఎవరి తరమూ కాదు. వయసు లెక్క మాత్రం గుర్తుపెట్టుకోండి, పాతికేళ్లు.

డల్లాస్ తెలుగు:

మా వైపు నుంచి కొంచెం చెప్తాను. మేముండేది ఆలెన్ పక్కనే. ఆలెన్ హైస్కూల్ ఫుట్‌బాల్ (అమెరికన్ ఫుట్‌బాల్) స్టేడియంలో 18,000 మంది కూర్చోవచ్చు, కట్టడానికి 6 కోట్ల డాలర్లు అయింది. స్కూల్ పిల్లల ఆటకి! శుక్రవారం రాత్రి అక్కడ మన తెలుగు కుటుంబాలు కూడా బోలెడు కనిపిస్తాయి. ఆ స్కూల్లో కైలర్ ముర్రే అని ఒక కుర్రాడు క్వార్టర్‌బ్యాక్‌గా (బంతి విసురుతూ ఆటను నడిపించేవాడు) ఆడి 42 మ్యాచ్‌లకు 42 గెలిపించాడు. అదే కుర్రాడు బేస్‌బాల్ కూడా ఆడేవాడు. 2018లో బేస్‌బాల్ డ్రాఫ్ట్‌లో (టీంలు వంతులవారీగా కొత్త ఆటగాళ్లను ఎంచుకునే పద్ధతి) ఓక్లాండ్ టీం అతన్ని తొమ్మిదో ఆటగాడిగా తీసుకుంది, 2019లో ఎన్ఎఫ్ఎల్ (అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్) డ్రాఫ్ట్‌లో మొట్టమొదటి ఆటగాడిగా అరిజోనా తీసుకుంది. రెండు ఆటల్లోనూ మొదటి రౌండ్‌లో ఎంపికైనవాడు అతనొక్కడే. ఫుట్‌బాల్ ఎంచుకున్నాడు. అప్పటికి వయసు 21.

ఇక్కడ స్కూళ్లలో ఆటకో సీజన్ ఉంటుంది. ఆగస్టు నుంచి ఫుట్‌బాల్, చలికాలం బాస్కెట్‌బాల్, వసంతంలో బేస్‌బాల్ లేదా ట్రాక్. ఒక ఆట కోచ్ ఇంకో ఆట పిల్లాడిని పంపేయడానికి అంత ఇబ్బంది పడడు, ఎందుకంటే తన సీజన్ అయిపోయింది. మీ దగ్గర ఉన్న చిక్కు బిడ్డది కాదు, రెండు ఆటలూ ఏడాదంతా ఒకే రోజు పొద్దున సాయంత్రం నడవడం. అయితే ఇక్కడ కూడా ఇప్పుడు ప్రైవేట్ క్లబ్బులు వచ్చి ఏడాదంతా ఒకే ఆట ఆడించే పిచ్చి పెరిగింది, నేనేదో స్వర్గం అని చెప్పడం లేదు.

ఇంకొకతని గురించి చెప్పకపోతే నిద్ర పట్టదు. బో జాక్సన్. 1986లో ఎన్ఎఫ్ఎల్ డ్రాఫ్ట్‌లో మొదటి ఆటగాడిగా టాంపా బే టీం తీసుకుంటే వెళ్లలేదు. వాళ్ల విమానంలో టీం చూడటానికి వెళ్లినందుకే కాలేజీ బేస్‌బాల్ ఆఖరి సీజన్‌లో ఆడే అర్హత పోయింది, ఆ కోపంతో కాన్సాస్ సిటీ బేస్‌బాల్ టీంలో చేరాడు. తర్వాతి ఏడాది రైడర్స్ అనే ఫుట్‌బాల్ టీం, బేస్‌బాల్ సీజన్ అయ్యాకే వచ్చి ఆడు అంటే అప్పుడు ఫుట్‌బాల్ కూడా మొదలుపెట్టాడు. 1987 నవంబర్ 30న సియాటిల్‌లో ఒక్క ఫుట్‌బాల్ మ్యాచ్‌లో బంతి పట్టుకుని 221 గజాలు పరిగెత్తాడు. 1989లో బేస్‌బాల్ ఆల్‌స్టార్ మ్యాచ్‌లో అత్యుత్తమ ఆటగాడు. 1991 జనవరిలో ఒక ఫుట్‌బాల్ మ్యాచ్‌లో వెనక నుంచి పట్టుకుని లాగితే తుంటి దెబ్బతింది. ఫుట్‌బాల్ అక్కడితో అయిపోయింది. కృత్రిమ తుంటి పెట్టించుకుని 1993లో బేస్‌బాల్‌కి తిరిగొచ్చి, వచ్చాక మొదటిసారి బ్యాట్ ఊపిన బంతికే హోంరన్ (మన సిక్సర్ లాంటిది) కొట్టాడు. ఏడాది తర్వాత అది కూడా ఆపేశాడు. అప్పటికి 32 కూడా రాలేదు.

భయపెట్టడానికి చెప్పడం లేదు. ఆ దెబ్బ తగిలింది ఫుట్‌బాల్ అనే మొరటు ఆటలో, ఒక్క ఆటే ఆడినా తగిలేదే. కానీ రెండు సీజన్లూ కలిపితే అతనికి విశ్రాంతి అనేదే లేదు, అది మాత్రం ఆలోచించాల్సిన విషయం.

మైలాపూర్ తాత:

బాబూ, నాకు 74 ఏళ్లు, మద్రాసులో పుట్టి పెరిగిన తెలుగువాణ్ణి. అమెరికా, ఆస్ట్రేలియా సంగతులు అందరూ చెప్పారు. మన ఇంటి సంగతి ఒకటి చెప్తాను, మీ పాపకి ఇది కూడా తెలియాలి.

కోటా రామస్వామి అని ఒకాయన. మద్రాసు క్రికెట్‌కి పునాది వేసిన బుచ్చిబాబు నాయుడుగారి చిన్న కొడుకు, దత్తత వెళ్లడంతో ఇంటిపేరు కోటా అయింది. తెలుగు కుటుంబం. ఆయన 1922లో టెన్నిస్‌లో డేవిస్ కప్ ఆడాడు ఇండియా తరఫున. 14 ఏళ్ల తర్వాత, 1936లో ఇంగ్లండ్ వెళ్లిన క్రికెట్ జట్టులో చేరి మాంచెస్టర్‌లో మొదటి టెస్ట్ ఆడాడు. అప్పటికి ఆయన వయసు 40 దాటింది! 40, 60 పరుగులు కొట్టాడు. ఓవల్‌లో 29, 41 నాటౌట్. రెండే టెస్టులు, సగటు 56.66. ఆ జట్టు కెప్టెన్ ఎవరనుకున్నారు, మన విజయనగరం మహారాజకుమారుడు విజ్జీ.

అదే ఓడలో ఇంకొకాయన ఉన్నాడు, ఎం.జె. గోపాలన్. తమిళుడు, ఫాస్ట్ బౌలర్. 1934లో రంజీ ట్రోఫీ చరిత్రలో మొట్టమొదటి బంతి వేసింది ఆయనే, మా చేపాక్‌లో, మైసూరు మీద. హాకీలో అంతకంటే గొప్ప ఆటగాడు, 1935లో ధ్యాన్‌చంద్‌తో కలిసి న్యూజిలాండ్ టూర్ వెళ్లొచ్చాడు. 1936లో రెండూ ఒకేసారి వచ్చి పడ్డాయి. హాకీ జట్టు బెర్లిన్ ఒలింపిక్స్‌కి, క్రికెట్ జట్టు ఇంగ్లండ్‌కి. ఆయన క్రికెట్ వైపు వెళ్లాడు. ఇంగ్లండ్‌లో ఒక్క టెస్టులోనూ ఆడించలేదు. ఇక్కడ ఈయన బయట కూర్చుని ఉండగా అక్కడ ఆగస్టు 15న హాకీ జట్టు ఫైనల్లో జర్మనీని 8-1తో ఓడించి బంగారు పతకం మెళ్లో వేసుకుంది. గోపాలన్ మొత్తం జీవితంలో ఆడిన టెస్ట్ ఒక్కటే, 1934లో కలకత్తాలో.

చిన్నప్పుడు మా నాన్న ఈ సంగతి చెప్పినప్పుడల్లా ఆయన గొంతు మారిపోయేది. ఆయన ఎంపిక తప్పు అనడానికి నాకు మనసొప్పదు. ఆ రోజున ఆయనకు జట్టులో చోటు ఇస్తారా లేదా అని ఎలా తెలుస్తుంది? ఒకదాన్ని వదిలి ఇంకోదానికి వెళ్లినా అది దక్కుతుందని హామీ ఉండదు, అంతే. అందుకే 13 ఏళ్ల పాప చేత ఇప్పుడే వదిలించకండి బాబూ.

సిక్కోలు ఖోఖో:

నేను ఇక్కడ ఎప్పుడూ చదవడమే తప్ప రాయను. ఈ ప్రశ్న చూశాక ఉండబట్టలేకపోయాను.

నేను తొమ్మిదో తరగతి వరకు ఖోఖో, కబడ్డీ రెండూ ఆడాను. మా ఊరు శ్రీకాకుళం జిల్లాలో సముద్రానికి దగ్గర, ఇసుకలో ఆడేవాళ్లం. ఖోఖోలో జోనల్ దాకా వెళ్లాను. ఇష్టమైన ఆట మాత్రం కబడ్డీ. పదో తరగతిలో హాస్టల్ సీటు వచ్చింది, అక్కడ ఖోఖో ఒక్కటే అన్నారు. నన్నెవరూ అడగలేదు. మా నాన్న, అక్కడి సార్ మాట్లాడుకుని సంతకం పెట్టేశారు. నేను బస్సెక్కేటప్పుడు నా కబడ్డీ నీప్యాడ్స్ మా పిన్ని కూతురికి ఇచ్చేశారు, ఆ సంగతి నాకు పండక్కి ఇంటికి వచ్చాకే తెలిసింది. ఇంటర్ రెండో ఏడాదికి ఖోఖో కూడా మానేశాను. దెబ్బ తగిలి కాదు. గ్రౌండ్ కనబడితే విసుగొచ్చేది.

అన్నయ్యా, మీరు రాసినదాంట్లో కోచ్‌ల మాట ఉంది, వదిన మాట ఉంది, తాతగారి మాట ఉంది. పాపని మీరు ఏమని అడిగారు? ఏ ఆట ఇష్టం అని అడగొద్దు, ఆ ప్రశ్నకి పిల్లలు అమ్మానాన్నలకి నచ్చే జవాబు చెప్తారు. ఏ రోజు పొద్దున లేవాలంటే బద్ధకంగా ఉంటోంది, ఏ రోజు అలారం మోగకముందే మెలకువ వచ్చేస్తోంది, అది అడగండి.

మన కడప జిల్లా శ్రీచరణిని చూడండి. స్కూల్లో వేరే ఆటలు ఆడి, క్రికెట్‌లోకి ఆలస్యంగా వచ్చిన అమ్మాయి. 2025 ప్రపంచకప్‌లో 14 వికెట్లు తీసి కప్పు తెచ్చింది. ఆలస్యమైతే బస్సు వెళ్లిపోతుంది అని అందరూ తొందరపెడతారు గానీ, అందరికీ ఒకటే బస్సు కాదు కదా.

పీఈటీ సార్, ఖమ్మం:

22 ఏళ్లుగా స్కూల్ పిల్లలతో ఉన్నాను, ఎస్‌జీఎఫ్ (స్కూల్ గేమ్స్ ఫెడరేషన్) సెలక్షన్స్‌కి ఏటా పిల్లల్ని తీసుకెళ్తాను. అందరూ పెద్దవాళ్ల కథలు చెప్పారు, బాగున్నాయి. నేను మోకాళ్ల గురించి మాట్లాడతాను.

ఎదిగే వయసులో ఒకే ఆట ఏడాదంతా ఆడే పిల్లల్లో ఒకే చోట మళ్లీ మళ్లీ ఒత్తిడి పడి గాయాలు ఎక్కువవుతాయి. ఫాస్ట్ బౌలింగ్ వేసే పిల్లలకు నడుం, ఫుట్‌బాల్ పిల్లలకు మోకాలి కింద ఎముక దగ్గర నొప్పి, ఇవి నేను రోజూ చూసేవే. ఆ లెక్కన రెండు ఆటలు ఆడటం మంచిదే. కానీ రెండు ఆటలంటే రెండింతల ప్రాక్టీస్ కాదు. ఇక్కడే తల్లిదండ్రులు పొరబడుతున్నారు. డాక్టర్లు చెప్పే ఒక మోటు లెక్క ఉంది, వారానికి కోచింగ్, మ్యాచ్‌లు అన్నీ కలిపి గంటలు పిల్లల వయసును దాటకూడదు. మీ పాపకు 13 గంటలు. పొద్దున గంటన్నర, సాయంత్రం రెండు గంటలు, వారానికి ఆరు రోజులు అంటే 21 గంటలు అవుతుంది. అన్నం కెలకడానికి బాధ ఒక్కటే కారణం కాకపోవచ్చు సార్, అలసిపోయిన పిల్లలకు ఆకలి చచ్చిపోతుంది.

నా మాట వింటే, ఇద్దరు కోచ్‌లనీ ఒకసారి టీ దగ్గర కూర్చోబెట్టండి. ఒక క్యాలెండర్ మధ్యలో పెట్టండి. ఫుట్‌బాల్ సెలక్షన్స్ ఏ నెలలో, అండర్-15 క్రికెట్ సెలక్షన్స్ ఏ నెలలో, గీతలు కొట్టండి. సెలక్షన్స్‌కి ముందు రెండు నెలలు ఆ ఆటకి వారంలో నాలుగు రోజులు, రెండోదానికి ఒక్క రోజు. ఆదివారం ఏ ఆటా లేదు. బౌలింగ్‌లో బంతులు లెక్కపెట్టమని క్రికెట్ కోచ్‌కి చెప్పండి, పొద్దున ఫుట్‌బాల్ మ్యాచ్ ఆడిన రోజు సాయంత్రం బౌలింగ్ వద్దు, బ్యాటింగ్ చాలు. ఒప్పుకోకపోతే అప్పుడు ఆలోచిద్దాం, పెర్రీ కూడా ఒప్పుకునే క్లబ్ వెతుక్కునే వెళ్లింది కదా.

పదహారు, పదిహేడు వచ్చేసరికి ఒకవైపు మొగ్గు దానంతటదే తెలుస్తుంది. నా దగ్గర ఆడిన పిల్లల్లో చాలామంది అలాగే తేల్చుకున్నారు.

ఇందూరు నాన్న:

అందరికీ చేతులెత్తి దండం. పది రోజులకు రాస్తున్నాను, ఆలస్యానికి ఏమనుకోకండి.

సిక్కోలు చెల్లెమ్మా, నువ్వు రాసింది మా ఇంటావిడకు చదివి వినిపిస్తే నీప్యాడ్స్ దగ్గర ఏడ్చేసింది. నువ్వు చెప్పినట్టే అలారం గురించి అడిగాను. బిడ్డ చాలాసేపు ఆలోచించి, "పొద్దున ఫుట్‌బాల్‌కి నాకే మెలకువ వస్తుంది. సాయంత్రం క్రికెట్‌కి వెళ్లేటప్పుడు కాళ్లు లాగుతుంటాయి, కానీ బంతి చేతికిస్తే మర్చిపోతా" అంది. అంటే ఇష్టం లేక కాదు, అలసట అని నాకర్థమైంది. పీఈటీ సార్ లెక్క వేసి చూస్తే మా బిడ్డది 22 గంటలు వచ్చింది. నాకు సిగ్గేసింది, అది చాలదన్నట్టు నేను ఆదివారం కూడా నెట్స్‌కి తీసుకెళ్లేవాణ్ణి.

క్యాలెండర్ పట్టుకుని ఇద్దరు సార్ల దగ్గరికీ వెళ్లాను. ఫుట్‌బాల్ సార్ వెంటనే ఒప్పుకున్నాడు. క్రికెట్ కోచ్ మొదట గట్టిగానే అన్నాడు, తర్వాత ఆ 2010 ఆఖరి బంతి వీడియో చూపిస్తే తనే ఫోన్ తీసుకుని మళ్లీ పెట్టుకుని చూశాడు. "ఈ ఏడాదికి చూద్దాం సార్" అన్నాడు. రెండు ఆటల సెలక్షన్స్ ఒక్కచోటే ఢీకొంటున్నాయి, ఆ వారం ఎటు వెళ్లాలో బిడ్డే చెప్తుందని ముగ్గురం అనుకున్నాం. మైలాపూర్ పెద్దాయన చెప్పిన గోపాలన్‌గారి సంగతి దానికి తెలుసు, తెలిసే చెప్తుంది.

పీఈటీ సార్, ఒక చిన్న సందేహం. ఫుట్‌బాల్ స్టడ్స్ (అడుగున బుడిపెలున్న బూట్లు) తోనే క్రికెట్ బౌలింగ్ వేస్తోంది, పర్లేదా? కాళ్లు పెరుగుతున్నాయని ఒక సైజు పెద్దవి కొన్నాను.

పీఈటీ సార్, ఖమ్మం:

వద్దు సార్. బౌలింగ్‌లో ముందుకాలు పడేటప్పుడు మడమ మీద చాలా బరువు పడుతుంది, ఫుట్‌బాల్ స్టడ్స్‌లో మడమ దగ్గర మెత్త తక్కువ. సిమెంట్ పిచ్ మీద వేస్తుంటే ఇంకా ప్రమాదం. ఖరీదైనవి అక్కర్లేదు, అడుగున రబ్బరు ఉన్న మామూలు క్రికెట్ షూస్ చాలు. సైజు పెద్దవి అస్సలు కొనకండి, లోపల కాలు జారి గోళ్లు నల్లబడతాయి, చీలమండ మెలిపడుతుంది. సాయంత్రం పూట, ఆడే సాక్స్ వేయించి, నిలబెట్టి చూడండి. బొటనవేలి ముందు మీ బొటనవేలి వెడల్పు ఖాళీ ఉంటే సరిపోతుంది.